'పిక్ అప్' అర్థాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

నేను స్పోకెన్ ఇంగ్లిష్ నేర్పుతాను. బ్యాచ్ మారుతుంది, పుస్తకం మారుతుంది, 'పిక్ అప్' మీద వచ్చే సందేహాలు మాత్రం మారవు. క్యాబ్ బుక్ చేసేటప్పుడు తడుముకోకుండా 'పికప్ పాయింట్' అనేవాళ్ళే, పేపర్లో 'పోలీస్ పిక్ అప్ టూ' అన్న హెడ్డింగ్ చూసి, పోలీసులు ఆ ఇద్దర్ని ఎక్కడ దిగబెట్టారా అని ఆలోచిస్తారు. అడిగిందే మళ్ళీ మళ్ళీ అడుగుతున్నారు కాబట్టి అన్నీ ఒకచోట రాసి పెట్టాను. ప్రశ్నలు వాళ్ళ మాటల్లోనే ఉంచాను. ఏది కావాలంటే నేరుగా దాని దగ్గరికి వెళ్ళి చదువుకోవచ్చు.

## ఇప్పుడే మొదలుపెట్టినవాళ్ళకి

'పిక్' అంటే ఎంచుకోవడం కదా, పక్కన 'అప్' చేరితే ఎత్తడం ఎలా అయింది సార్?

మన 'ఏరడం' గుర్తు తెచ్చుకోండి. బియ్యంలో రాళ్ళు ఏరతాం, చేలో పత్తి ఏరతాం, చీరల కుప్పలోంచి నచ్చింది ఏరుకుంటాం. వేళ్ళతో ఒక్కొక్కటీ తీయడం, పదింట్లో ఒకటి ఎంచుకోవడం రెండూ ఆ ఒక్క క్రియలోనే ఉన్నాయి. ఇంగ్లిష్ 'పిక్' కూడా అంతే. దానికి 'అప్' చేరగానే ఎంచుకోవడం వెనక్కి పోయి, కింద ఉన్నది చేతికి రావడం ముందుకొస్తుంది. నేల మీద పడ్డ పెన్నును వంగి తీసుకున్నారు చూడండి, అది మొదటి అర్థం. మిగతావన్నీ దాని పిల్లలూ మనవలూ.

మొత్తం ఎన్ని అర్థాలున్నాయి? అన్నీ బట్టీ పట్టాలా?

లెక్క డిక్షనరీని బట్టి మారుతుంది. ఒకదాంట్లో పది ఉంటే ఇంకోదాంట్లో ఇరవై దాటతాయి. బట్టీ పట్టకండి, రెండు బొమ్మలు మనసులో పెట్టుకోండి. మొదటిది, దారిన పోతూ చేతికి అందినదాన్ని తీసుకోవడం. ఆఫీసు నుంచి వస్తూ స్నేహితుణ్ణి బండెక్కించుకున్నారు, పాల ప్యాకెట్ తీసుకున్నారు, నలుగురిలో తిరుగుతూ హిందీ ఒంటబట్టించుకున్నారు, ఆ తిరుగుడులోనే జలుబు కూడా అంటించుకున్నారు. నాలుగింటికీ ఇంగ్లిష్‌లో 'పిక్ అప్' సరిపోతుంది. రెండో బొమ్మ, పడి ఉన్నది లేవడం. వ్యాపారం, గాలి, రైలు వేగం ఈ లెక్కలోకి వస్తాయి. కొత్త వాక్యం ఎదురైతే ఈ రెండింట్లో ఏదో ఒకటి పెట్టి చూడండి, చాలాసార్లు తాళం తెరుచుకుంటుంది.

ఒక్క మాటకి ఇన్ని అర్థాలేంటండీ, తెలుగులో ఇలా ఉండదు కదా?

ఎందుకుండదు? 'ఎత్తు' తీసుకోండి. బిడ్డను ఎత్తుకుంటాం, ఫోన్ ఎత్తుతాం, పాత గొడవ మళ్ళీ ఎత్తుతాం, కర్ఫ్యూ ఎత్తేస్తారు, దొంగలు బంగారం ఎత్తుకెళ్తారు, దేవుడు అవతారం ఎత్తుతాడు. ఇవన్నీ ఒకే క్రియ అని మనకెప్పుడూ అనిపించదు. తెలుగు కొత్తగా నేర్చుకునేవాడికి మాత్రం ఏడుపొస్తుంది.

'అందుకో' అయితే 'పిక్ అప్'కి ఇంకా దగ్గర. రైలు వేగం అందుకుంది, భజనలో ఒకరు ఎత్తుకుంటే మిగతావాళ్ళు అందుకున్నారు, పండగ ముందు బట్టల వ్యాపారం ఊపందుకుంది. ఈ మూడు చోట్లా ఇంగ్లిష్‌వాళ్ళు 'పిక్డ్ అప్' అంటారు. క్లాసులో ఈ మూడు వాక్యాలు బోర్డు మీద రాశాక చాలామందికి భయం సగం పోతుంది.

ఫ్రేజల్ వర్బ్స్ కష్టం అనేది మనకేనా, అందరికీనా?

అందరికీ. ఇది ఇప్పటి ఫిర్యాదు కూడా కాదు. 1755లో శామ్యూల్ జాన్సన్ తన ఇంగ్లిష్ నిఘంటువు ముందుమాటలోనే, క్రియ పక్కన చిన్న మాట చేరి అర్థం మారిపోయే ఈ పద్ధతి పరదేశీయులను బాగా ఇబ్బంది పెడుతుందని రాశాడు. 'ఫ్రేజల్ వర్బ్' అనే పేరు మాత్రం తర్వాతిది. 1925లో లోగన్ పియర్సల్ స్మిత్ దాన్ని వాడుతూ, ఆ పేరు సూచించింది ఆక్స్‌ఫర్డ్ నిఘంటువు సంపాదకుడు హెన్రీ బ్రాడ్లీ అని చెప్పాడు. అంటే పేరు పెట్టడానికి 170 ఏళ్ళ ముందే తలనొప్పి ఉంది.

## ఇంట్లో, రోడ్డు మీద, ఫోన్లో

'పిక్ మీ ఎట్ ద స్టేషన్' అంటే తప్పా? అందరం అలాగే అంటాం కదా?

మన దేశంలో అంటే అందరికీ అర్థమవుతుంది. బయట అంటే తంటా. 'పిక్ మీ' అంటే 'నన్ను ఎంచుకో' అని. జట్టులోకి ఎవర్ని తీసుకుందామా అని కెప్టెన్ చూస్తుంటే పిల్లలు చేతులెత్తి అరిచే మాట అది. అమెరికాలో ఎమ్మెస్‌కి వెళ్ళిన మా పాత విద్యార్థి ఒకడు, 'క్యాన్ యూ పిక్ మీ ఎట్ ఎయిట్?' అని అక్కడి క్లాస్‌మేట్‌కి మెసేజ్ పెడితే 'ఫర్ వాట్?' అని తిరుగు మెసేజ్ వచ్చింది. రమ్మంటే ఎందుకని అడుగుతున్నాడేంటని మనవాడు నొచ్చుకున్నాడు. అవతలివాడికి అసలు ప్రశ్నే అర్థం కాలేదు.

మనం తెలుగులో 'నన్ను పిక్ చేసుకో' అని 'అప్'ని కోసేశాం. అదే ఇంగ్లిష్‌లోకి తిరిగి వెళ్తోంది. 'పిక్ మీ అప్' అనడం అలవాటు చేసుకోండి. ఆ చివరి రెండక్షరాల్లోనే మిమ్మల్ని బండెక్కించుకోవడం ఉంది.

మరి 'డ్రాప్ మీ' కూడా తప్పేనా?

అంత తప్పు కాదు. 'డ్రాప్ మీ ఎట్ ద స్టేషన్' బ్రిటన్‌లోనూ వినిపిస్తుంది. 'డ్రాప్ మీ ఆఫ్' అంటే ఇంకా నిక్కచ్చిగా ఉంటుంది.

ఎయిర్‌పోర్ట్‌కి 'రిసీవ్' చేసుకోవడానికి వెళ్తున్నా అనాలా, పిక్ అప్ అనాలా?

శంషాబాద్ అరైవల్స్ దగ్గర పూలగుత్తితో నిలబడి మంత్రిగారి కోసం ఎదురుచూస్తుంటే 'రిసీవ్' అనండి, బాగుంటుంది. ఆ మాటకి మర్యాద, లాంఛనం ఉన్నాయి. బావగారు దుబాయ్ నుంచి రెండు సూట్‌కేసులతో దిగుతుంటే మాత్రం 'పిక్ అప్' చాలు. బండి లేకుండా ఊరికే ఎదురెళ్ళి కలుసుకుని, మెట్రోలోనో బస్సులోనో తీసుకొస్తే 'మీట్' అంటారు. 'పిక్ అప్' అనగానే వినేవాడు బండి ఉందనుకుంటాడు.

'ఫోన్ లిఫ్ట్ చెయ్యట్లేదు' అని ఇంగ్లిష్‌లో చెప్పాలంటే?

'హీ ఈజ్ నాట్ పికింగ్ అప్.' అంతే. ఫోన్ అనే మాట కూడా అక్కర్లేదు. 'లిఫ్టింగ్ ద ఫోన్' అంటే బరువులెత్తినట్టు ఫోన్‌ని పైకి లేపుతున్నాడని వినిపిస్తుంది. 'ఫోన్ ఎత్తట్లేదు' అనే చక్కటి తెలుగుని మాటకి మాట మార్చితే వచ్చిందే ఈ 'లిఫ్ట్'.

బల్ల మీద నల్లటి ఫోన్, పైన రిసీవర్ ఉన్న కాలంలో నిజంగానే చేత్తో ఎత్తేవాళ్ళం కాబట్టి రెండు భాషల్లోనూ ఎత్తడమే వచ్చింది. ఇప్పుడు స్క్రీన్ మీద వేలు జరపడమే. అయినా మాట మాత్రం పోలేదు.

కూరగాయలు కొనడాన్ని కూడా పిక్ అప్ అంటారా?

దారిలో ఆగి నాలుగు తీసుకుంటే అంటారు. 'పిక్ అప్ సమ్ మిల్క్ ఆన్ ద వే' అంటే 'వస్తూ వస్తూ పాలు పట్టుకురా' అని. పెళ్ళికి బంగారం కొనడానికి ముహూర్తం చూసుకుని వెళ్ళి, మూడు కొట్లు తిరిగి కొంటే దాన్ని 'పిక్ అప్' అనడం వెటకారంగా ఉంటుంది. ముందే డబ్బు కట్టి, ఇస్త్రీ బట్టలో, పార్శిలో, మందులో వెళ్ళి తెచ్చుకుంటే అదీ 'పిక్ అప్'. అక్కడ కొనడం లేదు, తెచ్చుకోవడమే.

జలుబు 'పిక్ అప్' అయిందని అనొచ్చా?

'ఐ పిక్డ్ అప్ ఎ కోల్డ్' అనండి. మనిషి జలుబుని పిక్ అప్ చేస్తాడు, జలుబు తనంతట తాను కాదు. ఎక్కడినుంచో అంటుకున్న జబ్బులకే ఈ మాట. షుగర్, బీపీ, మోకాళ్ళ నొప్పులకు వాడకండి. అవి దారిలో దొరికేవి కావు.

'లెర్న్' అనకుండా 'పిక్ అప్' అంటే ఏమిటి తేడా?

కూర్చుని నేర్చుకుంటే 'లెర్న్'. తిరుగుతూ తిరుగుతూ ఒంటబడితే 'పిక్ అప్'. గుంటూరు నుంచి హైదరాబాద్ వచ్చి, ఆటోవాళ్ళతో బేరమాడుతూ, ఇరానీ హోటల్లో చాయ్ చెబుతూ ఏడాదిలో హిందీ వచ్చేసిందనుకోండి, 'ఐ పిక్డ్ అప్ హిందీ ఇన్ హైదరాబాద్' అనడం సరిగ్గా సరిపోతుంది. అదే పరీక్షలు రాసి పాసైతే 'లెర్న్డ్' అనండి, పడ్డ కష్టానికి విలువ దక్కుతుంది.

యాస, చెడు అలవాటు, బూతులు కూడా పిక్ అప్ చేసేవే. పిల్లలు ఎక్కడ నేర్చుకున్నారో తెలియదు గానీ వచ్చేశాయి అనడానికి ఇంతకంటే మంచి మాట లేదు. ఇంటర్వ్యూలో 'ఐ పిక్డ్ అప్ పైథాన్ ఆన్ ద జాబ్' అంటే, ఎవరూ నేర్పకపోయినా పని చేస్తూ పట్టుకున్నాడన్న మంచి అభిప్రాయం కలుగుతుంది. ఏ కోర్సు చేశావని వెంటనే అడుగుతారని తెలిస్తే మాత్రం 'లెర్న్డ్' మేలు.

అమెరికాలో మా అబ్బాయి పిల్లలతో 'పిక్ అప్ యువర్ రూమ్' అంటున్నాడు. గదిని ఎత్తడమేంటి?

గదిలో నేల మీద పడేసిన బట్టలు, బొమ్మలు ఏరి సర్దమని. ఇది ఎక్కువగా అమెరికా వాడుక. బ్రిటన్‌లో 'టైడీ అప్' అంటారు.

దీనికే 'ఆఫ్టర్' చేరితే ఒకరు పడేసింది ఇంకొకరు ఏరడం. మొగుడూ పిల్లలూ ఎక్కడివక్కడ వదిలేస్తే వెనకాల సర్దుకుంటూ తిరిగే ప్రతి ఇల్లాలి గోడూ 'పికింగ్ అప్ ఆఫ్టర్ యూ' అన్న మాటలో ఉంది. మా పెద్దమ్మ న్యూజెర్సీలో కూతురింటికి వెళ్ళినప్పుడు పార్కులో 'ప్లీజ్ పిక్ అప్ ఆఫ్టర్ యువర్ డాగ్' అన్న బోర్డు చూసింది. ఆ రాత్రే ఫోన్ చేసి, 'కుక్క వెనకాల నడిచి దేన్ని ఎత్తాలిరా?' అని అడిగింది. 'అదే పెద్దమ్మా, అది వేసిందే' అన్నాను. కాసేపు మాట లేదు. 'చేత్తోనా?' అంది.

హోటల్లో 'ఐ విల్ పిక్ అప్ ద బిల్' అంటే బిల్లు చేతిలోకి తీసుకోవడమేనా?

తీసుకుని కట్టడం కూడా. అమెరికాలో 'పిక్ అప్ ద ట్యాబ్' అంటారు. అలా అన్నాక బిల్లు చూసి పక్కవాడికి ఇస్తే మాత్రం బాగుండదు. కంపెనీ ఖర్చు భరించడానికి కూడా ఇదే వాడతారు.

## బండి, సినిమా, క్రికెట్, పేపరు

'బండి పికప్ బాగుంది' అనేది ఇంగ్లిషేనా, మన సొంత ప్రయోగమా?

ఇంగ్లిషే. యాక్సిలరేటర్ తిప్పగానే బండి వేగం అందుకునే శక్తిని 'పికప్' అనడం డిక్షనరీల్లో ఉంది. అయితే విదేశాల్లో ఇప్పుడు 'యాక్సిలరేషన్' అనడమే ఎక్కువ. మన మెకానిక్ షెడ్లలో ఉన్నంత ప్రాణం ఈ మాటకి అక్కడ లేదు. 'కార్బొరేటర్ క్లీన్ చేశా, ఇప్పుడు చూడన్నా పికప్' అనే వాక్యంలో అది తెలుగు మాటే అయిపోయింది.

పికప్ వ్యాన్ అని ఎందుకు పేరు?

సరుకు ఎక్కించుకుని వెళ్ళేది కాబట్టి. ముందు క్యాబిన్, వెనక తెరిచి ఉన్న తొట్టి. పల్లెల్లో కూరగాయల నుంచి పెళ్ళి సామాను దాకా మోసే బొలెరో వెనక ఒకసారి చూడండి, 'పిక్'లో సి అక్షరం లేకుండా, మధ్యలో గీతతో రాసి ఉంటుంది. అది కంపెనీ పెట్టుకున్న పేరు. స్పెల్లింగ్ దాన్ని చూసి నేర్చుకోకండి. ఒకబ్బాయి పరీక్షలో అలాగే రాసి, మార్కు పోయాక 'బండి మీద ఉంది సార్' అని నాతో వాదించాడు.

'సినిమా సెకండాఫ్‌లో పికప్ అయింది' అని ఇంగ్లిష్‌లో కూడా అంటారా?

అంటారు. 'ఇట్ పిక్స్ అప్ ఇన్ ద సెకండ్ హాఫ్.' తేడా ఒక్కటే, మన 'అయింది' వాళ్ళకి అక్కర్లేదు. తెలుగు అలవాటుతో 'ఇట్ వాజ్ పిక్డ్ అప్' అన్నారంటే అర్థం మారిపోతుంది, సినిమాని ఎవరో డిస్ట్రిబ్యూటర్ కొనుక్కున్నాడని వస్తుంది. మొదటి రోజు ఖాళీగా ఉన్న హాళ్ళు మౌత్ టాక్‌తో నిండాయని చెప్పడానికి 'కలెక్షన్స్ పిక్డ్ అప్' బాగుంటుంది.

గాలి, వర్షం, వ్యాపారం అన్నిటికీ వాడొచ్చా?

గాలికీ వ్యాపారానికీ హాయిగా వాడొచ్చు. తెలుగులో 'పుంజుకుంది' అనే చోట ఇది దాదాపు ఎప్పుడూ సరిపోతుంది. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుపాను విశాఖ దగ్గర తీరం దాటింది. ఆ రోజు సంగతి ఇంగ్లిష్‌లో చెప్పేవాళ్ళెవరైనా 'ద విండ్ పిక్డ్ అప్' అనే మొదలుపెడతారు. వర్షానికి మాత్రం 'గాట్ హెవియర్' సహజంగా ఉంటుంది. ధరలు పెరగడానికి వాడకండి. డిమాండ్ పిక్ అప్ అవుతుంది, ధర 'గోజ్ అప్'.

క్రికెట్ కామెంటరీలో ఈ మాట ఎన్ని రకాలుగా వస్తుంది?

ఓపిగ్గా వింటే ఒక్క మ్యాచ్‌లోనే బోలెడు దొరుకుతాయి. బౌలర్ మూడు వికెట్లు 'పిక్స్ అప్', అంటే తీశాడు. బ్యాట్స్‌మన్ సింగిల్ 'పిక్స్ అప్', మెల్లగా ఒక పరుగు లాగాడు. ఫాస్ట్ బౌలర్ తొడ పట్టుకుని బయటికి వెళ్తే 'పిక్డ్ అప్ యాన్ ఇంజరీ'. ఐపీఎల్ వేలంలో ఎవర్నైనా బేస్ ప్రైస్‌కే దక్కించుకుంటే 'పిక్డ్ అప్ ఎట్ బేస్ ప్రైస్'. ఇందులో చవగ్గా దొరికిందన్న సంతోషం కూడా ఉంటుంది.

నాకు అన్నిటికంటే నచ్చేది బ్యాట్ కొట్లో వినిపించే అర్థం. తూకంలో ఒకే బరువున్న రెండు బ్యాట్లు తీసుకుని లేపి చూస్తే ఒకటి తేలిగ్గా, ఒకటి మొద్దుగా అనిపిస్తుంది. బరువు బ్యాట్‌లో ఎక్కడ ఉందన్నదాన్ని బట్టి చేతికి తెలిసే ఆ తేడాని 'పికప్' అంటారు. బరువు తక్కువ కాకపోయినా పికప్ బాగుండొచ్చు. ఇంకో మాట, గూగ్లీని 'పిక్' చేయడం వేరు. అక్కడ 'అప్' ఉండదు, బంతి ఎటు తిరుగుతుందో గుర్తుపట్టడం అని అర్థం.

పేపర్లో 'పోలీస్ పిక్డ్ అప్' అంటే అరెస్ట్ చేశారనా?

తీసుకెళ్ళారని. తెలుగు పేపర్లు 'అదుపులోకి తీసుకున్నారు' అని రాసేదీ, జనం 'పోలీసులు ఎత్తుకెళ్ళారు' అనేదీ ఇదే. 'ఫర్ క్వశ్చనింగ్' అని చేరిస్తే విచారణ కోసం అని. అరెస్ట్ అయిందా లేదా అన్నది ఈ మాటతో తేలదు. విలేకరులు కూడా అరెస్ట్ నమోదైందని తెలిసేదాకా జాగ్రత్తగా ఈ మాట దగ్గరే ఆగుతారు. అందుకని తెలుగులోకి మార్చేటప్పుడు 'అరెస్టు' అని రాసేయకండి.

రేడియో, మైకు, గిటార్... వీటికి పికప్‌తో ఏం సంబంధం?

గాల్లో పోతున్నదాన్ని పట్టుకోవడం. రాత్రిపూట మీడియం వేవ్‌లో దూరపు స్టేషన్లు తగిలేవి గుర్తుందా? రేడియో ఆ సిగ్నల్ని 'పిక్ అప్' చేసింది. కీపర్ గొణిగింది స్టంప్ మైక్ పిక్ అప్ చేస్తే టీవీలో అందరికీ వినిపిస్తుంది.

గిటార్‌లో అయితే పికప్ ఒక వస్తువు. అయస్కాంతం, దాని చుట్టూ సన్నటి తీగ చుట్ట. పైన ఉక్కు తంతి కదిలితే అయస్కాంత క్షేత్రం కదిలి ఆ చుట్టలో కరెంటు పుడుతుంది, అదే స్పీకర్‌లోకి వెళ్ళి శబ్దమవుతుంది. పాలకొల్లులో పుట్టిన మాండలిన్ శ్రీనివాస్ చేతిలో ఉన్నది ఎలక్ట్రిక్ మాండలిన్. అంత చిన్న వాయిద్యంలో కర్ణాటక సంగీతపు గమకాలు సాగతీసి వినిపించారంటే వేళ్ళ గొప్పతనంతో పాటు ఆ పికప్ సాయం కూడా ఉంది.

'పికప్ లైన్' అంటే నవ్వుతున్నారు, ఎందుకు?

పరిచయం లేని అమ్మాయి దగ్గరో అబ్బాయి దగ్గరో మాట కలపడానికి వేసే డైలాగ్ అది. మన కుర్రాళ్ళ భాషలో పులిహోర కలపడం. అందుకే 'ఐ పిక్డ్ అప్ ఎ గర్ల్ ఎట్ ద పార్టీ' అంటే కారెక్కించుకున్నానని ఎవరూ అనుకోరు. అమెరికాలో స్కూలు వదిలే టైముకి పిల్లల కోసం కార్లు బారులు తీరి ఉంటాయి, దాన్నీ పికప్ లైన్ అనే అంటారు. కోడలు 'పికప్ లైన్లో ఉన్నా అత్తయ్యా' అంటే కంగారు పడకండి.

## వ్యాకరణం దగ్గర తడబడేవాళ్ళకి

'పిక్ అప్ ఇట్' తప్పు, 'పిక్ ఇట్ అప్' ఒప్పు అంటారు. ఎందుకు?

ఇట్, హిమ్, హర్, దెమ్, మీ లాంటి చిన్న మాటలు మధ్యలోనే కూర్చోవాలి, వేరే దారి లేదు. పేరు చెబితే మీ ఇష్టం. 'పిక్ ద ఫోన్ అప్', 'పిక్ అప్ ద ఫోన్' రెండూ సరైనవే. పేరు పొడుగైతే చివర్లో పెట్టండి. 'నిన్న మనం షాపులో మర్చిపోయిన ఎర్ర సంచి' అంతటినీ మధ్యలో ఇరికిస్తే, 'అప్' వచ్చేసరికి వినేవాడు 'పిక్' మర్చిపోతాడు. 'పిక్ అప్ స్పీడ్' లాంటివి మాత్రం విడదీయరు.

కలిపి రాయాలా, విడిగా రాయాలా?

పని అయితే విడిగా, వస్తువో పేరో అయితే కలిపి. 'ఐ విల్ పిక్ అప్ ద పార్శిల్' రెండు మాటలు, 'పికప్ పాయింట్' ఒక మాట. బ్రిటన్‌లో పేరుకి మధ్యలో గీత పెట్టేవాళ్ళు చాలామంది. ఆఫీసు మెయిళ్ళలో నాకు రోజూ కనిపించే తప్పు, 'ఐ విల్' తర్వాత కలిపి రాసేయడం.

ఇంగ్లిష్‌వాళ్ళు పలికితే 'పికప్' అని ఒకే మాటలా వినిపిస్తుంది. వినడం ఎలా అలవాటు చేసుకోవాలి?

సంధి అనుకోండి, మనకి చిన్నప్పటినుంచీ తెలిసిందే. ముందు మాట చివర క్, తర్వాత మాట మొదట్లో అ, కలిసి 'క' అయింది. 'పిక్ ఇట్ అప్' కూడా అలాగే 'పికిటప్' అవుతుంది. అమెరికన్ నోట్లో ఆ ట్ మెత్తబడి 'పికిడప్'లా వినిపిస్తుంది. గడిచిన కాలానికి 'పిక్డ్' అని రాసినా చివర పలికేది ట్, కాబట్టి 'పిక్టప్'. ఊనిక కూడా చూడండి. పని చెప్పేటప్పుడు 'అప్' మీద, వస్తువు చెప్పేటప్పుడు 'పిక్' మీద బరువు పడుతుంది.

'పిక్ అప్ ఆన్' అని చివర 'ఆన్' కూడా పెడతారు, అదేంటి?

పైకి చెప్పనిదాన్ని కనిపెట్టడం. ఇంటికి వచ్చిన చుట్టం నవ్వుతూనే ఉన్నా ఏదో మనసులో పెట్టుకున్నాడని మీకు తెలిసిపోయింది, మీరు 'పిక్డ్ అప్ ఆన్ ఇట్'. బ్రిటన్‌లో మనిషిని మధ్యలో పెట్టి 'పిక్ యూ అప్ ఆన్ దట్' అంటే, 'నువ్వన్న ఆ మాట సరికాదు' అని పట్టుకుని అడగడం. 'అప్' తీసేసి 'పిక్ ఆన్' అంటే ఒకణ్ణే పట్టుకుని వేధించడం. చిన్న మాటే, తీసేస్తే కొంప మునుగుతుంది.

'టేక్ అప్', 'పిక్ అప్' ఒకటేనా?

కాదు. ఇక నుంచి రోజూ యోగా చేద్దామని నిర్ణయించుకుని మొదలుపెడితే 'టేక్ అప్'. పక్కింటాయన చేస్తుంటే చూసి నాలుగు ఆసనాలు వచ్చేస్తే 'పిక్ అప్'.

## ఆఫీసు, పరీక్షలు

'ఐ విల్ పిక్ దిస్ అప్' అని మా టీమ్ లీడ్ మెయిల్ పెట్టింది. ఏం తీసుకుంటుంది?

పనిని. సాఫ్ట్‌వేర్ ఆఫీసుల్లో ఎవరూ ముట్టుకోని టికెట్‌ని తన పేరు మీద వేసుకోవడం 'పిక్ అప్'. అదే 'లెట్స్ పిక్ దిస్ అప్ టుమారో' అంటే ఇప్పటికి ఆపి రేపు మళ్ళీ మొదలుపెడదాం అని. మీటింగ్ సాగుతున్నప్పుడు రెండోది విని ఆమే చేస్తుందిలే అనుకుంటే మీ పని అలాగే ఉండిపోతుంది. రోజు పేరు చెబితే వాయిదా అనుకోండి.

ఐఈఎల్‌టీఎస్‌లో వాడితే మార్కులు పెరుగుతాయా?

స్పీకింగ్‌లో సహజంగా వస్తే మంచిదే. 11 నుంచి 14 నిమిషాల సంభాషణ అది, అందులో 'పిక్డ్ అప్ హిందీ ఫ్రమ్ మై నైబర్స్' లాంటి వాక్యం ముచ్చటగా ఉంటుంది. లెక్క పెట్టుకుని అయిదుసార్లు దూరిస్తే ఎగ్జామినర్‌కి తెలిసిపోతుంది. అకడమిక్ రైటింగ్‌లో దాని చోట ఆ చోటికి తగ్గ మాట పెట్టండి: వస్తువు తెచ్చుకుంటే 'కలెక్ట్', నైపుణ్యం అయితే 'అక్వైర్', అమ్మకాలైతే 'ఇంప్రూవ్', సిగ్నల్ అయితే 'డిటెక్ట్', ఆగిన పనైతే 'రెజ్యూమ్'.

కాఫీని 'పిక్-మీ-అప్' అన్నారు. నన్ను బండెక్కించుకోమనా?

నీరసంగా ఉన్నవాణ్ణి లేపి కూర్చోబెట్టేదేదైనా పిక్-మీ-అప్. అక్కడ 'మీ' మధ్యలోనే ఉందని చూశారా? మధ్యాహ్నం మూడింటికి చాయ్, పరీక్ష ముందు రోజు అమ్మ ఫోన్, రెండూ ఆ లెక్కే. బేకరీలో అమ్మే తిరామిసు పేరుకి ఇటాలియన్‌లో అర్థం కూడా 'నన్ను పైకి లాగు' అనే. అందులో కాఫీ ఉంటుంది మరి.